గొర్రెల రాయికి మీసాలు

మా మద్దిలేటి తాత చదువు అయిదో తరగతితోనే ఆగిపోయింది. అయినా అయిదువందల ఏండ్ల కిందటి అక్షరాలు గడగడా చదువుతాడు. ఇవాళ్టి పేపరు ఇస్తే మాత్రం అద్దాలు పెట్టుకొని కూడా తలకిందులుగా పట్టుకుంటాడు. ఆయన చదివేది కంటితో కాదు, కుడిచేతి బొటనవేలితో. బస్సెక్కితే ముందు సీటు వెనక ఎవరో మేకుతో గీకిన పేర్లు తడుముతాడు. పెండ్లికి పోతే నీళ్ల గ్లాసు మీద చెక్కిన పేరు తడిమి, "ఇది మారెన్న ఇంటి గ్లాసు గదా, ఈడికెట్ల వచ్చె?" అని పదిమంది ముందర అడిగి తన పెండ్లాం, అంటే మా జేజి తిరుపతమ్మ పరువు తీస్తాడు. డెబ్బై ఆరేండ్ల మనిషి, చేతులు ఊరకుండవు.

అంతటి బొటనవేలు ఉండి కూడా ఆయన నోరు ఒక్కసారి అదుపు తప్పింది. ముప్పై ఆరేండ్ల తరువాత ఆ తప్పు ఇంటికొచ్చి గడపలో నిలబడింది. అది ఒక సోమవారం పొద్దున, జాతరకు నాలుగు దినాల ముందు.

ఎదురింటి పెద్దక్క రోజూ తెచ్చినట్టే గ్లాసుతో మజ్జిగ తెచ్చి అరుగు మీద పెట్టింది. ఆమెకు యాభై దాటినాయి. మొగుడు లేడు. కొడుకూ కోడలూ మంత్రాలయంలో సత్రం పనికి పోయినారు. మనవరాలు శివజ్యోతిని పెట్టుకొని, రెండు ఎనుములను మేపుకుంటూ, పాలూ పెరుగూ మజ్జిగా అమ్ముకొని బతుకుతుంది. బతుకుతుంది అనడం కంటే బతికేది అనడం సరి. ఎందుకంటే ఊళ్లో ఆమె ఇంటి మజ్జిగ కొనేవాళ్లు లేరు. క్వారీల్లో పనిచేసే పైఊరి కూలీలు మాత్రం కొంచెం కొంటారు, వాళ్లకు ఆ ఇంటి మీద పడిన కథ తెలియదు కాబట్టి.

"మామా, ఎనుముల్ని అమ్మేస్తాండా" అంది.

"ఏమిటికమ్మీ? పాలిచ్చే ఎనుముల్ని ఎవురన్నా అమ్ముతారా?"

"బద్వేలుకు పోతాండాం, మా చెల్లెలింటికి. శుక్రవారం లోపలే పోవల్ల. పోయినేడు జాతరలో ముంత పెంకు ఇదిగో, ఈడ తగిలె." నుదుటి మీద ముడత లాంటి మచ్చ చూపింది. "అప్పుడు మన ఊరోళ్లే ఉండ్రి. ఈయేడు ఈరేష్ పెట్టిండే వీడియో చూసి యాడాడోళ్లో లారీలేసుకోని వస్తారంట. పాపను బడిలో పక్కన కూచోబెట్టుకోరంట మామా. 'మందు పెడ్తాది, దూరం జరుగండ్రే' అంటారంట."

తాత గ్లాసు పట్టుకున్నాడు గానీ నోటి దగ్గరికి తేలేదు.

"తాగు మామా" అంది పెద్దక్క. "ఈ ఊర్లో మా ఇంటి మజ్జిగ తాగేది నువ్వొక్కనివే. మా పెద్దోళ్లు చేసిండే పాపం, మేం పడక తప్పుతాదా? నీ మీద మాత్రం మాకు ఏ కోపమూ లేదు. నువ్వు రాయి మీద ఉండేది చదివితివి, అంతే గదా."

ఆమె పోయినాక కూడా తాత గ్లాసు దించలేదు. బొటనవేలు గ్లాసు అంచు కింద చెక్కిన పేరు మీద తిరుగుతూ ఉంది. సుంకమ్మ. పెద్దక్క అత్త. చచ్చిపోయి తొమ్మిదేండ్లయింది.

రాయి మీద పెద్దక్క అనుకున్నది లేదు. ఊరు అనుకున్నదీ లేదు. ఆ సంగతి ప్రపంచంలో తెలిసింది ఇద్దరికే. ఒకరు తాత, రెండోది మా జేజి.

*

తాతకు పంతొమ్మిదేండ్లప్పుడు మా ఊరు సుద్దగుంతల కొండకు జీపులో ఆఫీసర్లు వచ్చినారు. పాత శాసనాలు వెతికేవాళ్లు. వాళ్లకు నీళ్లు మోసే మనిషి కావాలి, తాతకు పని కావాలి. నీళ్లు మోసినవాడు మరుసటి నెలకు కుంచె పట్టినాడు. ఆ తరువాత ముప్పై నాలుగేండ్లు కర్నూలు, కడప జిల్లాల్లో ఎక్కని గుట్ట లేదు. పర్మనెంటు చేస్తామని ముప్పై నాలుగేండ్లూ చెప్పినారు.

ఆ పనికి తొందర పనికిరాదు. ముందు రాయిని పీచుతో రుద్ది కడగాలి. తడిపిన కాగితం దాని మీద పరిచి, గట్టి కుంచెతో కొట్టుకుంటూ పోవాలి. మెల్లగా కొడితే కాగితం అక్షరం లోపలికి దిగదు, గట్టిగా కొడితే చిరుగుతుంది. కాగితం సగం ఆరినాక మసిసిరా అద్దిన గుడ్డమూటతో పైపైన తట్టాలి. గుంతల్లోకి దిగిన చోట సిరా అంటదు. మొత్తం నల్లగా, అక్షరాలు మాత్రం తెల్లగా, రాయి లోపలి మాట బయటికి వస్తుంది. ఆఫీసర్లు ఆ అచ్చు కాగితం ముందర పెట్టుకొని పైకి చదివేవాళ్లు. తాత పక్కన కూర్చొని ఒక్కొక్క అక్షరమే వేలితో నేర్చుకున్నాడు. ఆయనకు ఇంకెవరూ గురువు లేరు.

మా ఊరి రాయి చావిడి ముందర ఉండేది, ఛాతీ ఎత్తు బండ. దాని కథ కూడా ఆయనే చదివినాడు. విళంబి సంవత్సరంలో ఎవరో అధికారి వేయించినది. సుద్దగుంతల గొర్రెలకు పుల్లరి లేదు అని. పుల్లరి అంటే కొండలో మేసినందుకు సర్కారుకు కట్టే పన్ను. ఆ పన్ను తీసేసినాం, ఎవరడిగినా ఇవ్వొద్దు, అడిగినవాడు గంగ ఒడ్డున ఆవును చంపిన పాపాన పోతాడు. అంతే. రాజు లేడు, యుద్ధం లేదు, కత్తి లేదు. గొర్రెలు ఉన్నాయి.

ముప్పై ఆరేండ్ల కింద చావిడి ముందర మురికికాలువ తవ్వి, మీద కప్పడానికి ఆ బండను పగలగొట్టాలని ఊరివాళ్లు గడ్డపారలు తెచ్చినారు. తాత అడ్డం పోయినాడు.

"అది శాసనమప్పా, పగలగొట్టొద్దండి."

"ఏముండాది దాన్లో?"

"గొర్రెలకు పన్ను మాఫీ అని ఉండాది."

గడ్డపార పట్టుకున్నవాళ్లు కడుపు పట్టుకొని నవ్వినారు. "మాఫీ అయిపాయ గదా! ఇంకేమిటికి రాయి? జరుగు."

గడ్డపార రాయి అడుగుకు పోయింది. మిట్టమధ్యాహ్నపు ఎండ. తాతకు అప్పుడు నలభై ఏండ్లు. చదవగలిగినవాడు ఊళ్లో ఆయనొక్కడే. ఆ ధైర్యంతోనే నోరు తెరిచినాడు.

"పూర్తిగా చెప్పనీయండప్పా. కింద ఇంకా ఉండాది. ఇది గండి నరసప్ప రాయి. మన గండిలో దండుకు అడ్డం నిలబడి మూడు దినాలు ఒక్కడే కొట్లాడిండే ఈరుడు. ఆయన ఈ రాయి కిందనే ఉండాడు."

గడ్డపార ఆగింది. ఇద్దరు చెప్పులు విడిచినారు.

ఈడికే ఊరుకొని ఉంటే మా తాతను దేవుడు కూడా క్షమించేవాడు. కానీ గుంపులోంచి ఎవరో అడిగినారు, "మూడు దినాలు కొట్లాడినోడు ఎట్ల చచ్చిపాయ?" తాత దాని గురించి ఆలోచించలేదు. ఆయన గొంతు ఎండిపోయి ఉండడం చూసి, సరిగ్గా అప్పుడే ఎదురింటి సుంకమ్మ స్టీలు గ్లాసుతో మజ్జిగ తెచ్చిచ్చింది. తాత గటగటా తాగినాడు. మూతి తుడుచుకుంటూ చేతిలో ఉన్న గ్లాసును చూసినాడు.

"మజ్జిగలో మందు పెట్టి చంపినారప్పా" అన్నాడు.

అందరి కండ్లూ గ్లాసు మీద పడినాయి. గ్లాసు మీది నుంచి సుంకమ్మ మీద పడినాయి. వాళ్ల ఇంటిని అప్పటికే మజ్జిగోళ్లిల్లు అనేవాళ్లు.

తరువాత తాత చేయాల్సిన పని ఏమీ మిగల్లేదు. ఊరే చేసుకుంది. మొదటేడు కొబ్బరికాయ, రెండో ఏడు జాతర. నరసప్పకు గుర్రం వచ్చింది, గుర్రానికి పేరు వచ్చింది. నాటకాలవాళ్లు ఆయనకు పెండ్లి చేసినారు. ఎత్తు ఏడాదికి ఇంత చొప్పున పెరిగి తొమ్మిదడుగులైంది. మావాడంటే మావాడని రెండు వర్గాలు తలలు పగలగొట్టుకున్నాయి. గొర్రెల రాయికి పసుపు రంగు ఎనామిల్ పెయింటు కొట్టి, వెండి కండ్లు, వెండి మీసాలు అతికించినారు. మీసాలు సరిగ్గా 'గొఱియలకు' అనే మాట మీద కూర్చున్నాయి. తాత వాటిని చూసినప్పుడల్లా తుమ్ము ఆపుకున్నవాడి మాదిరి మొహం పెట్టేవాడు.

జాతర నాడు మజ్జిగ ముంతను ఊరేగించి సుంకమ్మ గడప మీద పగలగొట్టడం కూడా అట్లనే మొదలైంది. మొదట నవ్వులాటకే. సుంకమ్మ కూడా నవ్వుతూ గడప కడుక్కునేది. కొన్నేండ్లకు నవ్వడం మానేసింది. ఇంకొన్నేండ్లకు ఆమే నమ్మేసింది. నమ్మి, పాపం పోవాలని మజ్జిగ ముట్టనని ఒట్టు పెట్టుకుంది. చల్ల చిలికి ఊరికి పోసే మనిషి, చచ్చేదాకా చుక్క నోట్లో వేసుకోలేదు. అత్త పోయినాక ఆ ఒట్టు పెద్దక్క ఎత్తుకుంది.

ఇదంతా ఎదురింటి అరుగు మీద కూర్చొని చూస్తూ తాత ఎందుకు నోరు విప్పలేదని అడగొచ్చు. మొదట రాయిని పగలగొడతారని భయం. తరువాత, దాచడం ఎందుకు, జాతరలో తలపాగా చుట్టి ముందు వరుసలో కూర్చోబెట్టేవాళ్లు. ముప్పై నాలుగేండ్లు టెంపరరీగా బతికినవాడికి ఆ కుర్చీ ఒక్కటే పర్మనెంటు.

*

సోమవారం ఆ మజ్జిగ తాగకుండానే తాత లేచి ఈరేష్ బండల పాలిష్ ఫ్యాక్టరీకి పోయినాడు. ఈరేష్ ముప్పై రెండేండ్లవాడు, చురుకైనవాడు, రాబోయే సర్పంచ్ ఎన్నికలకు ఇప్పటినుంచే నవ్వడం నేర్చుకుంటున్నవాడు. నరసప్ప కథను వీడియో తీసింది ఆయనే. బుధవారం రాయి చుట్టూ సిమెంటు గట్టు కట్టి, నిలువెల్లా గ్రానైటు అతికించి, దాని మీద విగ్రహం నిలబెట్టే ఏర్పాటు కూడా ఆయనదే. అంటే బుధవారం తరువాత రాయి మీద రాత ఎవరికీ కనపడదు.

మిషన్ల మోతలో తాత అరిచి అరిచి అంతా చెప్పినాడు. ఈరేష్ మిషన్ ఆపించినాడు.

"ఏంది తాతా, మళ్లీ చెప్పు."

"నరసప్ప లేడప్పా. నేను పుట్టించిందే. మందూ లేదు, మజ్జిగా లేదు. ఆ ఆడమనిషికి ఏ పాపమూ తెలీదు."

ఈరేష్‌కు కోపం రాలేదు. కోపం వచ్చి ఉంటే బాగుండేది. కుర్చీ వేయించి, టీ తెప్పించి, ఫోన్ తీసి వీడియో చూపించినాడు. మొదట్లోనే పెద్ద అక్షరాలు. తాతకు కనపడలేదని ఈరేషే చదివినాడు. "శాసన పరిశోధకులు శ్రీ మద్దిలేటి గారు చదివి చెప్పిన చరిత్ర ఆధారంగా."

"నీ పేరే మొదట ఏసినాం తాతా. రెండు లక్షలమంది చూసినారు. అప్పుడు చెప్పింది అబద్ధమంటాండావు. మరి ఇప్పుడు చెప్పేది నిజమని ఎట్ల నమ్మల్ల?"

తాత టీ గ్లాసు అడుగు తడుముకున్నాడు.

"సరే, నీకు బాధగా ఉండాది. పెద్దక్క ఏడ్చిందా? రుజువు చూపీ తాతా. రాసిండేది కంటికి చూపీ. చూపిస్తే నేనే నలుగుర్ని పిలుస్తా."

మంగళవారం మొదటి బస్సుకు తాత కర్నూలు పోయినాడు. ఆయన తీసిన అచ్చులన్నీ ఒకప్పుడు అక్కడి ఆఫీసు బీరువాల్లో ఉండేవి. ఇప్పుడు ఆ ఆఫీసూ లేదు, బీరువాలూ లేవు. ఉన్న గదిలో స్వర్ణలత అనే ఉద్యోగి ఒకామె ఉంది. ఓపికగా విన్నది.

"పెద్దాయనా, పాతవన్నీ ఎప్పుడో వేరే రాష్ట్రానికి పంపేసినారు. దరఖాస్తు పెడితే వస్తుంది. ఎప్పుడు వస్తుందో చెప్పలేను."

"నాకు రేపు కావల్ల తల్లీ."

ఆమె నవ్వలేదు. మొహం కూడా తిప్పుకోలేదు. లోపలికి పోయి, దుమ్ము పట్టిన గొట్టంలోంచి ఒక కాగితం చుట్ట తీసుకొచ్చింది. అచ్చు తీసే కాగితం. చెదలు తినగా మిగిలింది ఒక్కటే. తాత దాన్ని చెంపకు ఆనించుకున్నాడు. తిరుగు బస్సులో దాన్ని ఒళ్లో పెట్టుకొని, ముందు సీటు మీది పేర్ల వైపు కూడా చూడలేదంటే ఆయన ఎంత కలత పడినాడో తెలుస్తుంది.

*

బుధవారం తెల్లారగానే తాత రాయి ముందర ఉన్నాడు. పక్కన జేజి, రెండు బిందెల నీళ్లు, బేతంచెర్ల పెయింటు అంగట్లో తెచ్చిన థిన్నరు డబ్బా.

"ముప్పై ఆరేండ్ల కింద నోరు ముయ్యి అంటే ముయ్యకపోతివి" అంది జేజి థిన్నరు పోస్తూ. "ఆ తరువాత తెరువు అంటే తెరవకపోతివి. ఇప్పుడు నా నడుము విరుగుతాండాది."

"మాట్లాడకుండా పొయ్యవే."

"మీసాలు పీకేదా?"

"పీకు."

వెండి మీసాలు ఊడి జేజి చేతికొచ్చినాయి. ఆమె వాటిని కండ్లకద్దుకొని కొంగున ముడి వేసుకుంది. దేవుడు కాదని తెలిసినా, ముప్పై ఆరేండ్లు దండం పెట్టిన అలవాటు.

మేస్త్రీలు పది గంటలకు వస్తారు. పెయింటు ఏండ్ల తరబడి పొర మీద పొర కొట్టినది. ఒక్కో అక్షరంలోంచి పుల్లతో గీకి తీయాల్సి వచ్చింది. ఎనిమిదయ్యేసరికి నలుగురు పోగైనారు, తొమ్మిదికి నలభైమంది. ఈరేష్ మాట తప్పలేదు, వచ్చి చేతులు కట్టుకొని నిలబడినాడు. పెద్దక్క తన గడపలో నిలబడి ఉంది, చేతిలో సర్దుతున్న మూట ఉంది.

తాత కాగితం తడిపి రాయి మీద పరిచినాడు.  కుంచె ఎత్తినాడు. తప, తప, తప. ఒక మూల చిరిగినప్పుడు ఆయన నోట్లోంచి చిన్నబిడ్డ మూలుగు మాదిరి శబ్దం వచ్చింది. చిరిగింది అక్షరం లేని చోట. సిరామూట తట్టడం మొదలుపెట్టగానే గుంపు దగ్గరికి జరిగింది. నల్లటి కాగితంలోంచి తెల్లటి అక్షరాలు ఒకటొకటిగా లేస్తుంటే, వాటిలో ఒక్కటీ తెలియకపోయినా అందరూ నోరు మూసుకొని చూసినారు.

తాత చదివినాడు. వేలు పెట్టి, పైనుంచి కిందికి, పల్లె బడిలో పంతులు మాదిరి. "విళంబి సంవత్సరం. సుద్దగుంతల పెద్దలకు చెప్పిన మాట. ఈ ఊరి గొఱియలకు పుల్లరి మానితిమి..."

చివరిదాకా చదివి తల ఎత్తినాడు. ముందుగా మాట్లాడింది మారెన్న. డెబ్బై గొర్రెలున్న ముసలాయన, చెవులు సరిగ్గా వినపడవు.

"ఏమప్పా మద్దిలేటీ, మా గొర్రెల పేరుండాదా దాన్లో?"

"ఉండాదప్పా."

"మా గొర్రెలదే?"

"మీ తాతల తాతల గొర్రెలది."

మారెన్న మొహం పెండ్లిపందిరి అయింది. ఒక్క ఆయన మొహమే. మిగిలినవాళ్లలో మొదట నవ్వు లేచింది. "అంటే ఇన్నేండ్లు గొర్రెలకు మొక్కితిమా?" అన్నారెవరో. ఆ నవ్వు ఎవరి మీదనో తెలిసేసరికి మొహాలు మారినాయి. చందాలిచ్చినవాళ్లున్నారు, బిడ్డలకు నరసప్ప పేరు పెట్టుకున్నవాళ్లున్నారు, ఆయన మావాడని పోట్లాడి చెయ్యి విరగ్గొట్టుకున్నవాళ్లు కూడా ఉన్నారు.

"మరి మజ్జిగ?" అన్నాడు ఈరేష్.

తాత పెద్దక్క వైపు తిరిగినాడు. "ఆ పొద్దు నాకు గొంతెండిపోయింది. సుంకమ్మ చూసి, పాపమని మజ్జిగ తెచ్చి తాపింది. ఆ గ్లాసు చేతిలో ఉండి, అది చూసి నోటికొచ్చింది అనేసినా. నా దాహం తీర్చిండే మనిషిని నేనే దోషిని చేసినా. అంతకంటే ఏమీ లేదప్పా. తప్పు నాది. కొట్టేదుంటే నన్ను కొట్టండి."

ఒకరిద్దరు పెద్దక్క వైపు తిరిగి చూసినారు. అది చూసి తాతకు అంతా సర్దుకుంటుందని అనిపించింది. పాపం, అట్లా అనిపించింది.

వెనకనుంచి ఒక గొంతు వచ్చింది. "రోజూ ఆ ఇంటి మజ్జిగే గదప్పా తాగేది ఈయప్ప. ఆ యమ్మే ఏమో కలిపి తాపింటాది. అందుకే మాట మార్చినాడు."

"అవునప్పా! ఊర్లో ఇంకెవురూ తాగరు గదా!"

"ఆ పొద్దు నరసప్పకు పెట్టిరి, ఈ పొద్దు ఈ ముసలప్పకు పెట్టిరి."

 తాత కండ్ల ముందరే, ఆయన చెప్పిన నిజాన్ని కథ మింగేసింది. మింగి ఇంకొంచెం లావయింది. ఈరేష్ కాగితాన్ని ఒకసారి చూసినాడు, గుంపును ఒకసారి చూసినాడు. గుంపులో ఓట్లున్నాయి.

"తాతా, ఎండెక్కింది, ఇంటికి పో" అన్నాడు మెల్లగా. మేస్త్రీలకు చెయ్యి ఊపినాడు.

మధ్యాహ్నానికి రాయి సిమెంటులోకి పోయింది.

*

గురువారం సామాను ఎక్కించడానికి ఆటో వచ్చింది. ఎనుముల్ని బేరగాడు ముందురోజే తోలుకుపోయినాడు. తాత వీధి దాటి పోయి నిలబడినాడు. పెద్దక్క ఆయన వైపు చూడకుండా మంచం కోళ్లు కట్టింది, బిందెలు సర్దింది. 

"అయితే మా ఇంట్లో ఎవురూ ఎవుర్నీ చంపల్యా?"

"చంపల్యా అమ్మీ."

"నిజమే గదా? మళ్లీ మారుస్తావా?"

"నా మనవరాండ్ర మీద ఒట్టు."

ఆమె తాడు ముడి గట్టిగా బిగించింది. "మా అత్త మంచంలో ఉన్నప్పుడు చివర్లో ఏమడిగిందో తెల్సునా నీకు? మజ్జిగ అడిగింది. జ్వరం మీద నాలుకెండిపోయి, తాపు అంది. నేను గ్లాసు తెస్తే, మళ్లీ వద్దు అని మొహం తిప్పుకునింది. ఒట్టుంది అనింది. మూడిండ్ల అవతల కాదు, ఎదురుగానే ఉంటివి నువ్వు. ఒక్క మాట చెప్పింటే ఏం పోతాండె మామా?"

తాత తలపాగా సంగతి చెబుదామా అనుకొని సిగ్గుపడి ఊరుకున్నాడు.

పెద్దక్క ఆటోలోంచి పాత చీరలో చుట్టిన పటం తీసి గడప మీద నిలబెట్టింది. సుంకమ్మ ఫోటో. "నాకు చెప్పిండేది ఆయమ్మకు కూడా చెప్పు."

తాత గడప ముందర గొంతుకూర్చున్నాడు. నలభైమంది ముందర అన్నంత గట్టిగా కాదు, కానీ మొత్తం చెప్పినాడు. గడ్డపార సంగతి, ఎండ సంగతి, గ్లాసు సంగతి. చివర్లో, "మజ్జిగ శానా బాగుండె సుంకమ్మా" అని కూడా చెప్పినాడు. అప్పుడు ఏడ్చినాడు. మా తాత ఏడవడం జేజి అదే మొదటిసారి చూసిందంట. 

ఆటో పోయింది. సుంకమ్మ గ్లాసు తాత ఇంట్లోనే ఉండిపోయింది.

శుక్రవారం జాతరకు నిజంగానే లారీలు వచ్చినాయి. పొద్దున్నే తాత పోయి తాళం వేసిన పెద్దక్క ఇంటి గడప మీద కూర్చున్నాడు. జేజి వచ్చి లేవమంది, లేవలేదు. తిట్టింది, లేవలేదు. "సిగ్గులేని మనిషితో కాపురం" అని ఆమె కూడా పక్కనే కూర్చుంది. డప్పులతో ముంత వచ్చింది. ఈరేష్ ఆగినాడు. ఊరివాళ్లు ఆగినారు. పైఊరివాళ్లకు ఆగాల్సిన పని లేదు.

"ఎవురా ముసలోడు? ద్రోహి వంశమోడా?"

ముంత తాత మోకాలి పక్కన గడపకు తగిలి పగిలింది. మజ్జిగ పంచె మీద, జేజి కొంగు మీద చిందింది. జేజి కొంగు ముడి తడుముకుంది, వెండి మీసాలు అందులోనే ఉన్నాయి. తాత బొటనవేలికి అంటిన చుక్క నాలుకకు రాసుకున్నాడు.

"ఉప్పు ఎయ్యకపోతిరి గదప్పా" అన్నాడు.

కొత్త వీడియోలో అది కూడా ఉంది. ద్రోహుల ఇంటి కావలి కాసే ముసలివాడని పెట్టినారు. కథ పుట్టించినవాడు కథలోకే పోయినాడు, అది కూడా చెడ్డ పక్కకు. తలపాగా కుర్చీ ఇప్పుడు వేరే ఎవరికో ఇచ్చినారు. అచ్చు కాగితం ఇంట్లో గోడకు ఉంది. మారెన్న వారానికొకసారి వచ్చి, "ఏదప్పా, మా గొర్రెలది ఒకసారి చదువు" అంటాడు. తాత చదువుతాడు. ప్రపంచంలో ఆ నిజానికి ఉన్న గిరాకీ అంతే.

జాతరైన పదో దినం మధ్యాహ్నం బద్వేలునుంచి ఫోన్ వచ్చింది. జేజి స్పీకరు నొక్కి తాత చెవి దగ్గర పెట్టింది. అవతల ఎవరో గిన్నెలు తోముతున్న చప్పుడు.

"మామా, నేను పెద్దక్కను."

"చెప్పమ్మీ."

"ఈ పొద్దు మజ్జిగ తాగినా."

తాత చేతిలో సుంకమ్మ గ్లాసుంది. బొటనవేలు పేరు మీద ఆగిపోయింది.

"ఎట్లుండాది?" అన్నాడు.

"ఏం బాగుంటాది? పులుపు. నీళ్లెక్కువ. ఈ బద్వేలోళ్లకు చల్ల చిలకడమే రాదు."